చనిపోయినవారి పక్షాన నిలబడేదెవరు?

(జిల్లా న్యాయవాదుల సభలో చేసిన స్మారకోపన్యాస పాఠం)



మా గురువుగారి జ్ఞాపకార్థం జరిగే ఈ సభలో నేను రాజ్యాంగం గురించో ప్రాథమిక హక్కుల గురించో మాట్లాడతానని కొందరు అనుకుని ఉంటారు. కానీ ఆయన జీవితమంతా సివిల్ కోర్టులో గడిచింది. పొలం గట్టు తగాదాలు, ప్రామిసరీ నోటు బాకీలు, అన్నదమ్ముల పంపకాలు, అద్దె ఇళ్లు ఖాళీ చేయించడాలు, ఇవే ఆయన చేపట్టిన కేసులు. ఆయన రోజూ చేసిన పనిలోంచే ఒక విషయం ఎంచుకుంటే ఆయనకు నిజమైన నివాళి అవుతుందనిపించింది. దావా నడుస్తుండగా వాదో ప్రతివాదో కన్నుమూస్తే ఆ స్థానంలో చట్టం ఎవరిని నిలబెడుతుంది? కోర్టులో మనం ‘ఎల్‌.ఆర్‌.లను, అంటే చట్టబద్ధ ప్రతినిధులను, రికార్డు మీదికి తేవడం’ అనే ఆ పని గురించి మాట్లాడతాను.

చూడ్డానికి అది చిన్న పిటిషన్. రెండు పేజీల అఫిడవిట్టు, మరణ ధ్రువపత్రం, నలుగురైదుగురి పేర్లు. అయినా గెలవాల్సిన దావాలు ఎన్నో ఈ పిటిషన్ వేయకపోవడం వల్ల పోయాయి. తప్పుగా వేయడం వల్ల ఇరవయ్యేళ్ల తర్వాత డిక్రీలు తిరగబడ్డాయి. అక్కచెల్లెళ్ల వాటాలు కాగితం మీంచే మాయమయ్యాయి. నేను చెప్పదలచుకున్నది ఒక్కటే. చనిపోయిన మనిషికి ప్రాతినిధ్యం వహించడమంటే ఆస్తిలో వాటా దక్కడం కాదు, ఆ ఆస్తి తరఫున జవాబుదారీ వహించడం. ఈ రెండింటినీ కలిపేసుకోవడమే మన ఇళ్లలోనూ కోర్టుల్లోనూ సగం చిక్కులకు మూలం.

చట్టం ఎవరిని ప్రతినిధి అంటుంది

1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 2, క్లాజు 11లో దీనికి నిర్వచనం ఉంది. అందులో మూడు రకాల మనుషులు కనిపిస్తారు. చనిపోయినవారి ఆస్తికి చట్టరీత్యా ప్రాతినిధ్యం వహించేవారు మొదటి రకం. ఏ అధికారమూ లేకపోయినా ఆ ఆస్తిలో చేయిపెట్టి దాన్ని అనుభవిస్తున్నవారు రెండో రకం. ఎవరైనా మరొకరి తరఫున, అంటే ధర్మకర్తగానో ఉమ్మడి కుటుంబానికి కర్తగానో దావాలో ఉండి చనిపోతే ఆ హోదాతో పాటు ఆస్తి ఎవరికి సంక్రమిస్తుందో వారు మూడో రకం. గుడి తరఫున దావా వేసిన ధర్మకర్త చనిపోతే ఆయన కొడుకు వచ్చి నిలబడడానికి లేదు. ఆయన తర్వాత ధర్మకర్త బాధ్యత ఎవరికి వచ్చిందో వారు రావాలి.

ఈ నిర్వచనంలో ‘వారసులు’ అన్న మాటతో చట్టం ఆగిపోలేదన్నది గమనించండి. గోవాలోని పోర్చుగీసు బ్యాంకు బాంకో నాసియోనల్ ఉల్ట్రమరీనో కేసులో 1989లో సుప్రీంకోర్టు ఈ సంగతి స్పష్టం చేసింది. ఈ నిర్వచనం విశాలమైనది, రక్తసంబంధీకులకే పరిమితం కాదు, హక్కు ఉన్నా లేకపోయినా ఆస్తిని చేతిలో పెట్టుకున్నవారు కూడా దావా వరకు ఆ ఆస్తికి ప్రతినిధులే అని చెప్పింది.

ఇందులో మనకు కొత్తేమీ లేదు. యాజ్ఞవల్క్య స్మృతిలో ఋణాల గురించి చెప్పినచోట, చనిపోయినవాడి సొత్తు ఎవరు తీసుకుంటే వారే అతని అప్పు తీర్చాలన్న నియమం ఉంది. ఆ స్మృతికి విజ్ఞానేశ్వరుడు రాసిన మితాక్షర వ్యాఖ్యను తిక్కన శిష్యుడు కేతన పదమూడో శతాబ్దంలోనే తెలుగులోకి తెచ్చాడు. సొత్తు ఎక్కడుంటే బాధ్యత అక్కడుండాలన్న ఆలోచన ఈ నేలకు అంత పాతది.

ఆంధ్రా బ్యాంకు పేరు మీద ఒక ముఖ్యమైన తీర్పు ఉంది. పట్టాభి సీతారామయ్య గారు 1923లో మచిలీపట్నంలో స్థాపించిన బ్యాంకు అది. దావా నడుస్తుండగా ప్రతివాది చనిపోయాడు. వీలునామా ప్రకారం అతని ఆస్తి వేర్వేరు మనుషులకు ముక్కలుగా చేరింది. మొత్తం ఆస్తి నాకు రాలేదు, ఒక భాగమే వచ్చింది, అలాంటప్పుడు నేను ప్రతినిధినెలా అవుతానన్నది వాదన. భాగం వచ్చినా ఆ భాగం మేరకు ప్రతినిధే అని సుప్రీంకోర్టు తేల్చింది. బాకీ ఇచ్చినవారికి ఈ తీర్పు ఎంత రక్షణో ఆలోచించండి. అది లేకపోతే అప్పులున్నవాడు ఆస్తిని పది ముక్కలు చేసి పదిమందికి రాసి పోతే చాలు, కోర్టులో సమాధానం చెప్పేవాడే దొరకడు.

వీలునామాలో ఎగ్జిక్యూటర్‌ను నియమించి ఉంటే, 1925 నాటి భారత వారసత్వ చట్టం సెక్షన్ 211 ప్రకారం చనిపోయినవారికి అన్ని విషయాల్లోనూ ఆయనే ప్రతినిధి. ఆ ఆస్తిలో ఆయనకు పైసా వాటా లేకపోవచ్చు. ప్రాతినిధ్యం వేరు, యాజమాన్యం వేరు అన్నదానికి ఇంతకన్నా తేటైన ఉదాహరణ అక్కర్లేదు.

మోటారు ప్రమాద పరిహారం కేసుల్లో, మనం ఎం.వి.ఓ.పి.లని పిలుచుకునేవాటిలో, ఈ విశాల దృష్టి ఇంకా బాగా కనిపిస్తుంది. సెయింట్ గేబ్రియల్ మాంట్‌ఫర్ట్ బ్రదర్స్ సంఘానికి చెందిన ఒక బ్రదర్ రోడ్డు ప్రమాదంలో చనిపోయారు. హైదరాబాద్‌లో లిటిల్ ఫ్లవర్ స్కూలు, కాజీపేటలో సెయింట్ గేబ్రియల్స్ స్కూలు నడిపే సంఘం అదే. ఆయన కుటుంబ బంధాలు వదులుకుని సంఘంలో చేరిన మనిషి, జీతం సంఘానికే చేరేది. పరిహారం ఎవరడగాలి? సంఘం అడగవచ్చని 2014లో సుప్రీంకోర్టు చెప్పింది. 2021లో మరో తీర్పులో అల్లుడి ఇంట్లో అతని మీద ఆధారపడి బతికిన అత్తగారు కూడా ప్రతినిధేనని చెప్పింది. వారసత్వ చట్టం పట్టికలో ఆమె పేరు వెతికితే దొరకదు. అయినా ఆ మరణంతో ఆమె బతుకు దెబ్బతింది కాబట్టి కోర్టు ఆమెను గుర్తించింది.

ఎవరు ప్రతినిధులు కారు

ఊళ్లలో పాతుకుపోయిన కొన్ని అపోహల గురించి ఇక్కడ చెప్పాలి.

మొదటిది జనరల్ పవర్ ఆఫ్ అటార్నీ. తండ్రి బతికుండగా జి.పి.ఎ. రాసిచ్చాడు, దాంతో మేనల్లుడు దావా నడిపించాడు, తండ్రి చనిపోయాక కూడా అతనే వాయిదాలకు వస్తున్నాడు. ఇలాంటి ఫైళ్లు మనందరి దగ్గరా ఉన్నాయి. రాసిచ్చిన మనిషి ప్రాణంతోనే ఆ అధికారమూ పోతుందని కాంట్రాక్టు చట్టం సెక్షన్ 201 చెబుతుంది. ఆ తర్వాత అతను పెట్టిన సంతకానికి విలువ లేదు. అమెరికాలోనో గల్ఫ్‌లోనో ఉన్న పిల్లలు తామే ఎల్‌.ఆర్‌.లుగా చేరి, తమ పేరు మీద కొత్త పవర్ రాసి పంపాలి. విదేశంలో రాసిన ఆ పత్రానికి ఇక్కడికి చేరిన 3 నెలల్లోగా స్టాంపు రుసుము కట్టించడం మర్చిపోకూడదు.

రెండోది నామినీ. బ్యాంకులో పేరున్నంత మాత్రాన ఆ డబ్బు నామినీది కాదు. ఆ మనిషి డబ్బు అందుకునే చేయి మాత్రమే. అది ఎవరికి చెందాలో వారసత్వ చట్టం తేలుస్తుంది. షేర్ల విషయంలో 2023లో సుప్రీంకోర్టు చెప్పింది ఇదే.

మూడోది తహసీల్దారు ఆఫీసులో తీసుకునే కుటుంబ సభ్యుల ధ్రువపత్రం. పింఛనుకు, కారుణ్య నియామకానికి, ఇతర ప్రభుత్వ ప్రయోజనాలకు అది పనికొస్తుంది. కోర్టులో సాక్ష్యంగా కొంత విలువా ఉంటుంది. కానీ వారసత్వ హక్కు తేల్చే అధికారం తహసీల్దారుకు లేదు. ఆ పత్రంలో పెళ్లైన కూతురి పేరు లేదు కాబట్టి ఆమె ప్రతినిధి కాదనడం చట్టం కాదు, మన అలవాటు.

చనిపోయినవారికి రావాల్సిన బాకీ కోసం వారసులు కొత్తగా దావా వేసినప్పుడు మాత్రం ఒక మెట్టు అదనంగా ఎక్కాలి. భారత వారసత్వ చట్టం సెక్షన్ 214 ప్రకారం ప్రొబేటో, అడ్మినిస్ట్రేషన్ పత్రాలో, సక్సెషన్ సర్టిఫికెట్టో లేకుండా బాకీదారు మీద కోర్టు డిక్రీ ఇవ్వదు. ఇది బాకీదారు మంచికే. ఒకరికి కట్టిన తర్వాత మరొకరు వచ్చి మళ్లీ కట్టమనకుండా చట్టం కాపలా కాస్తోంది.

మనిషితోనే ముగిసే దావాలు

ప్రతి దావా వారసులకు చేరదు. భారత వారసత్వ చట్టం సెక్షన్ 306 ప్రకారం పరువునష్టం, దాడి, మరణానికి దారితీయని శారీరక గాయం, వీటి మీద దావా హక్కు మనిషితోనే పోతుంది. ఇక్కడ ఒక సూక్ష్మం ఉంది. పరువునష్టం దావా ఓడిపోయి, అప్పీలు వేసి వాది చనిపోతే ఆ అప్పీలు అక్కడితో ఆగిపోతుంది. అదే గెలిచి డిక్రీ పొందాక, ప్రతివాది అప్పీలు వేసిన తర్వాత వాది చనిపోతే, ఆ డిక్రీ అప్పటికే ఆయన ఆస్తిలో భాగమైపోయింది. దాన్ని వారసులు కాపాడుకోవచ్చు. 1986లో రిపోర్టయిన సుప్రీంకోర్టు తీర్పు ఈ తేడాను విడమరిచి చెప్పింది. మన దావాల్లో అత్యధికం భూమికి, ఇంటికి, డబ్బుకు సంబంధించినవే కాబట్టి హక్కు బతికే ఉంటుంది. దాన్ని పట్టుకుని నిలబడే మనిషి కోర్టు ముందుకు రావాలి, అంతే.

తొంభై రోజులు

ఇక గడువు సంగతి. కోడ్‌లోని ఆర్డర్ 22, రూల్ 3 ప్రకారం వాది చనిపోతే, రూల్ 4 ప్రకారం ప్రతివాది చనిపోతే ప్రతినిధులను చేర్చమని దరఖాస్తు పెట్టాలి. అప్పీళ్లకూ ఇదే వర్తిస్తుంది. 1963 నాటి కాలపరిమితి చట్టం ఆర్టికల్ 120 దీనికి మరణం నాటి నుంచి 90 రోజులు ఇచ్చింది. ఆ గడువు దాటితే ఎవరూ ఉత్తర్వు ఇవ్వనక్కర్లేకుండానే ఆ మనిషి వరకు దావా అబేట్ అవుతుంది, అంటే రద్దయిపోతుంది. ఆ అబేట్‌మెంటును తొలగించమని అడగడానికి ఆర్టికల్ 121 మరో 60 రోజులు ఇచ్చింది. అదీ దాటితే సెక్షన్ 5 కింద ఆలస్యానికి కారణం చెప్పుకోవాలి. అబేట్ అయిన దావా కారణం మీద మళ్లీ కొత్త దావా వేయడానికి రూల్ 9 ఒప్పుకోదు.

మన ఇళ్లలో ఏం జరుగుతుంది? పెద్దకర్మ అయ్యేదాకా ఎవరూ నోరు విప్పరు. ఆ తర్వాత కూడా, సంవత్సరీకం కాకుండా ఆస్తి మాట ఎత్తకూడదంటారు పెద్దలు. ఆ మాటలో మర్యాద ఉంది, దుఃఖం పట్ల గౌరవం ఉంది. కానీ సంవత్సరీకం వచ్చేది 90 రోజులకు కాదు. ఈ లోపు అవతలి పక్షం మౌనంగా ఉంటుంది, మన పక్షం బాధలో ఉంటుంది, దావా చేజారిపోతుంది. ఎల్‌.ఆర్‌. పిటిషన్ వేయడం ఆస్తి పంచుకోవడం కాదని, చనిపోయిన పెద్దాయన మొదలుపెట్టిన పోరాటం ఆగకుండా చూడడమని ఇంటివారికి మనమే చెప్పాలి. అలా చెబితే అర్థం చేసుకోనివారు నాకు తారసపడలేదు.

ఒక్కరిని వదిలేస్తే ఎంత నష్టమో 1962లో రిపోర్టయిన పంజాబ్ రాష్ట్ర ప్రభుత్వం కేసు చూపిస్తుంది. ఇద్దరు అన్నదమ్ముల ఉమ్మడి భూమిని ప్రభుత్వం తీసుకుంది. పరిహారం ఇద్దరికీ కలిపి నిర్ణయమైంది. ప్రభుత్వం అప్పీలుకు వెళ్లింది. అప్పీలు నడుస్తుండగా ఒక సోదరుడు చనిపోయాడు, అతని ప్రతినిధులను ప్రభుత్వం చేర్చలేదు. అతని వరకే అప్పీలు పోతుందనుకున్నారు. డిక్రీ విడదీయరానిది కాబట్టి బతికున్న సోదరుడి మీద కూడా అప్పీలు నిలవదని సుప్రీంకోర్టు చెప్పింది. లేకపోతే ఒకే భూమికి ఇద్దరు అన్నదమ్ములకూ రెండు రకాల పరిహారాలు వచ్చేవి. రాష్ట్ర ప్రభుత్వమంతటి కక్షిదారే ఒక్క పేరు వదిలేసి మొత్తం అప్పీలు పోగొట్టుకుంది. భాగపంపిణీ దావాల్లో ఈ ప్రమాదం మరీ ఎక్కువ.

అయితే చట్టానికి కనికరం లేదనుకోకండి. వాదనలు పూర్తయి తీర్పు రాకముందు ఎవరైనా చనిపోతే రూల్ 6 ప్రకారం దావా ఆగదు. డిక్రీ అమలు చేసే ఈ.పి.కి అబేట్‌మెంటు వర్తించదని రూల్ 12 చెబుతుంది. జవాబు దాఖలు చేయని, చేసినా వాదనకు రాని ప్రతివాది చనిపోతే అతని ప్రతినిధులను చేర్చకుండా మినహాయింపు అడగవచ్చు. కాకపోతే ఆ మినహాయింపు తీర్పుకు ముందే అడగాలని 2009లో సుప్రీంకోర్టు గట్టిగా చెప్పింది. ప్రతినిధి అనేవారే లేకపోతే రూల్ 4-ఎ కింద అడ్మినిస్ట్రేటర్ జనరల్‌నో కోర్టు అధికారినో నిలబెట్టి దావా సాగించవచ్చు.

2008లో పెరుమన్ భగవతి దేవస్వం కేసులో జస్టిస్ ఆర్.వి. రవీంద్రన్ రాసిన తీర్పు ప్రతి జూనియరూ చదవాలి. హైకోర్టులో అప్పీలు అడ్మిట్ అయి, ఏళ్ల తరబడి లిస్టుకు రాకుండా పడి ఉంటే, అవతలివాడు బతికున్నాడో లేదో రోజూ వాకబు చేస్తూ ఉండమని అప్పీలుదారును అడగలేమన్నారు. అలాంటి ఆలస్యాన్ని ఉదారంగా చూడాలన్నారు. కోర్టులో జాప్యం కోర్టుది, దాని శిక్ష కక్షిదారుకు పడకూడదన్న న్యాయబుద్ధి ఆ తీర్పులో ఉంది.

చనిపోయిన పక్షం న్యాయవాదిగా మనకూ ఒక విధి ఉంది. 1976 సవరణతో వచ్చిన రూల్ 10-ఎ ప్రకారం, మన కక్షిదారు చనిపోయాడని తెలిసిన వెంటనే ఆ సంగతి కోర్టుకు చెప్పి తీరాలి. ఆ పని కోసమే మన వకాలత్తు ఇంకా బతికి ఉన్నట్టు చట్టం భావిస్తుంది. తెలిసి కూడా నోరు మెదపకుండా 90 రోజులు దొర్లించి, ఆ తర్వాత అబేట్ అయిందని మెమో వేయడం చాకచక్యం అని కొందరు అనుకుంటారు. కోర్టు పట్ల మన నిజాయితీని అమ్ముకోవడం అది.

ప్రతినిధి ఎవరన్నదే తగవైతే

తండ్రి చనిపోయాడు. కొడుకులు వారసులమంటున్నారు. పొరుగూరి నుంచి ఒకాయన రిజిస్టర్డ్ వీలునామా పట్టుకొచ్చాడు. ఇద్దరిలో దావా నడపాల్సిందెవరు? రూల్ 5 ప్రకారం కోర్టే తేల్చాలి. దాన్ని తర్వాత చూద్దామని వాయిదా వేయడానికి లేదు. మన ఆంధ్రప్రదేశ్ హైకోర్టు నుంచి వెళ్లిన సత్యసాయి సెంట్రల్ ట్రస్టు కేసులో 2008లో సుప్రీంకోర్టు చెప్పింది ఇదే. అప్పీలు నడుస్తుండగా ఒక పక్షం చనిపోయి, ప్రతినిధి ఎవరన్నది వివాదమైతే, ముందు ఆ ప్రశ్న తేల్చి ఆ తర్వాతే అప్పీలు వినాలి. రెండింటినీ కలిపి చివర్లో చూస్తామంటే, విచారణంతా చనిపోయిన మనిషి తరఫున ఎవరూ లేకుండానే జరిగిపోతుంది. అప్పీలు కోర్టు కావాలనుకుంటే సాక్ష్యం తీసుకుని నివేదించమని కింది కోర్టును కోరవచ్చు.

అదే తీర్పు ఇంకో మాటా చెప్పింది. రూల్ 5 కింద ఇచ్చే నిర్ణయం దావా నడపడం వరకే. ఆస్తి ఎవరిదన్న ప్రశ్నకు అది తుది జవాబు కాదు. ఎల్‌.ఆర్‌. పిటిషన్‌లో ఓడిపోయిన కొడుకు వీలునామా చెల్లదని వేరే దావాలో పోరాడవచ్చు. గెలిచిన పెద్దమనిషి ఇక ఆస్తి నాదేనని ఊరంతా చాటుకోవడానికి లేదు. వీలునామా నిజంగా నిలవాలంటే సాక్షి సంతకం చేసినవారిలో బతికున్న ఒకరైనా కోర్టుకొచ్చి చెప్పాలి. ఇన్నిటికి సమయం పడుతుందని భయపడి, పోటీదారులందరినీ చేర్చుకుని దావా నడపమని, హక్కు సంగతి తర్వాత తేల్చుకోమని కోర్టులు చెప్పడమూ ఉంది. అది చాలాసార్లు మంచి మార్గమే.

కొందరి పేర్లే రాస్తే

ఇప్పుడు నా మనసుకు దగ్గరైన విషయానికి వస్తాను. నిజాయితీగా వాకబు చేసి, తెలిసిన వారసులందరినీ చేర్చి, తెలియని ఒకరు మిగిలిపోతే దావా పోదు. చేరినవారే మొత్తం ఆస్తికి ప్రాతినిధ్యం వహిస్తారు, తీర్పు చేరనివారికీ వర్తిస్తుంది. 1965లో, 1966లో రిపోర్టయిన సుప్రీంకోర్టు తీర్పులు ఈ సూత్రాన్ని స్థిరపరిచాయి. కానీ ఆ సూత్రానికి ప్రాణం నిజాయితీలో ఉంది. మోసంతోనో కుమ్మక్కుతోనో పేరు దాచితే ఆ రక్షణ ఉండదు.

మన జిల్లాల్లో ఎక్కువగా దాగేది ఎవరి పేరు? ఆడపిల్లల పేరు. పెళ్లి చేసి పంపేశాం, కట్నం ఇచ్చాం, ఆమెకు ఈ కోర్టు గొడవ ఎందుకు అంటారు. కొన్నిసార్లు ప్రేమతో, చాలాసార్లు లెక్కతో. హిందూ వారసత్వ చట్టం 1956లోనే కూతురిని, భార్యను, తల్లిని కొడుకుతో పాటు మొదటి తరగతి వారసుల్లో పెట్టింది. కొడుకు చనిపోతే అతని తల్లి మొదటి తరగతిలో ఉంటుంది, తండ్రి రెండో తరగతిలో ఉంటాడు. ఇది విని ఆశ్చర్యపోయే కక్షిదారులు ఇప్పటికీ ఉన్నారు. ఉమ్మడి ఆస్తిలో పెళ్లికాని కూతుళ్లకు జన్మహక్కు ఇస్తూ 1986లో ఆంధ్రప్రదేశ్ చట్టం చేసి, దాన్ని 1985 సెప్టెంబరు 5 నుంచే అమలు చేసింది. దేశమంతటా, పెళ్లితో సంబంధం లేకుండా ఆ హక్కు 2005 సెప్టెంబరు 9న వచ్చింది. ఆ రోజుకు తండ్రి బతికి ఉండాల్సిన పనిలేదని 2020లో సుప్రీంకోర్టు తేల్చింది. ఇన్ని జరిగాక కూడా ఎల్‌.ఆర్‌. పిటిషన్‌లో ఇద్దరు కొడుకుల పేర్లే రాసి ‘వేరే వారసులు లేరు’ అని ప్రమాణం చేయిస్తే, అది ప్రమాణపూర్వకమైన అబద్ధం.

గురువుగారు దీనికి ఒక పద్ధతి పెట్టుకున్నారు. కొత్త కక్షిదారు వస్తే దస్తావేజులు విప్పకముందే ఒక తెల్లకాగితం తీసేవారు. పైన తాతగారి పేరు రాసి, కింద గీతలు గీసి, ‘మీ నాన్నగారి తోబుట్టువులు ఎంతమంది? అందులో ఆడపిల్లలెంతమంది? ఏ ఊళ్లో ఇచ్చారు? వాళ్ల పిల్లలెవరు?’ అని అడిగేవారు. కొడుకుల పేర్లు చకచకా వచ్చేవి. ఆడపిల్లల దగ్గరకొచ్చేసరికి కక్షిదారు, ‘వాళ్లెందుకులెండి సార్’ అనేవాడు. ఆయన కలం పట్టుకుని అలాగే కూర్చునేవారు. పేరు చెప్పేదాకా కట్ట ముందుకు కదిలేది కాదు. ఆ వంశవృక్షం ప్రతి కేసు కట్టలో మొదటి కాగితంగా ఉండేది. ఎవరైనా చనిపోయారని కబురొస్తే గుమస్తా ఆ కాగితం తీసి పేర్లన్నీ దించుకునేవాడు, ఎవర్నీ కొత్తగా అడగాల్సిన పని ఉండేది కాదు.

ఆడవారు చనిపోయినప్పుడు మరింత జాగ్రత్త కావాలి. సంతానం లేని హిందూ స్త్రీకి తల్లిదండ్రుల నుంచి వచ్చిన ఆస్తి తండ్రి వారసులకు పోతుంది, భర్త నుంచో మామగారి నుంచో వచ్చినది భర్త వారసులకు పోతుంది. కాబట్టి ఆ ఆస్తి ఎటునుంచి వచ్చిందో చూడకుండా ఆమె తరఫున ఎవరు నిలబడాలో చెప్పలేం. ముస్లిం కుటుంబాల్లో భర్తో భార్యో, తల్లిదండ్రులో బతికుంటే వారి వాటా ఎప్పుడూ పోదు. వారసుల్లో మైనర్లుంటే వారి తరఫున కోర్టు ద్వారా సంరక్షకుడిని పెట్టించాలి. లేకపోతే ఆ పిల్లలు పెద్దయ్యాక తీర్పునే ప్రశ్నిస్తారు, ప్రశ్నించే హక్కూ వారికి ఉంటుంది.

బాధ్యతకు హద్దు

ప్రాతినిధ్యం బాధ్యత అన్నాను. దానికి చట్టం హద్దు కూడా గీసింది. నాన్న చేసిన అప్పుకు కోర్టు నోటీసు వచ్చిందంటే చాలు, తమ జీతాలు, తమ కష్టార్జితం పోతాయని పిల్లలు భయపడిపోతారు. సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 50 ప్రకారం, చనిపోయినవారి ఆస్తి తమ చేతికి ఎంత వచ్చిందో, అందులో ఇంకా ఎంత మిగిలుందో అంతవరకే వారి మీద డిక్రీ అమలవుతుంది. తండ్రి 5 లక్షల బాకీ పెట్టి, 3 లక్షల విలువైన స్థలం వదిలిపోయాడనుకోండి. ఆ స్థలం నుంచి 3 లక్షలు రాబట్టుకోవచ్చు. మిగతా 2 లక్షల కోసం కూతురి జీతం మీదికో, కొడుకు సొంతంగా కట్టుకున్న ఇంటి మీదికో వెళ్లడానికి లేదు. తండ్రి అప్పు తీర్చడం కొడుకు ధర్మం అన్న ఒక్క కారణంతో కొడుకు మీద, మనవడి మీద దావా వేయడం హిందూ వారసత్వ చట్టం 2005 సవరణ తర్వాత చేసిన అప్పుల విషయంలో కుదరదు.

ఈ రక్షణను దుర్వినియోగం చేస్తే మాత్రం చట్టం ఊరుకోదు. చేతికొచ్చిన ఆస్తిని ఏం చేశారో కోర్టుకు సరిగ్గా లెక్క చెప్పలేకపోతే, సెక్షన్ 52 ప్రకారం ఆ మేరకు సొంత ఆస్తి మీదికే డిక్రీ వస్తుంది. తండ్రి పొలం గుట్టుగా అమ్మేసి, మాకేమీ రాలేదని చెప్పడం ఎవరికీ పనికిరాదు. చనిపోయినవారి ఆస్తిలో చేయి పెట్టినవారు లెక్క ఒప్పజెప్పి తీరాలి. ఈ రెండు సెక్షన్లు కలిపి చదివితే చట్టం మనసు అర్థమవుతుంది. బాకీ ఇచ్చినవాడు మునిగిపోకూడదు, వారసుడు తనది కాని భారం మోయకూడదు.

చివరగా నా విన్నపాలు

యువ న్యాయవాదులకు నా మొదటి విన్నపం. వకాలత్తు తీసుకునే రోజునే కుటుంబం మొత్తం పేర్లు, వయసులు, చిరునామాలు రాయించుకోండి. ఆడపిల్లల పేర్లు, తల్లి పేరు అడిగి మరీ రాయించుకోండి. మీ కక్షిదారు చనిపోతే దాచకండి, మరుసటి వాయిదాకే కోర్టుకు చెప్పండి.

న్యాయమూర్తులకు రెండో విన్నపం. ప్రతినిధి ఎవరన్న వివాదం వస్తే పక్కన పెట్టకుండా ముందే తేల్చండి. నిజమైన కారణంతో ఆలస్యమైనవారిని ఉదారంగా చూడండి, వారసుల పేర్లు దాచినవారిని మాత్రం వదలకండి.

ఈ పాఠాన్ని అచ్చులో చదివే సామాన్య పాఠకులకు చివరి మాట. మీ ఇంట్లో ఎవరి పేరు మీదనైనా కోర్టులో దావా నడుస్తుంటే ఆ కేసు నంబరు, కోర్టు పేరు, వకీలు ఫోన్ నంబరు మీ బీరువాలో రాసిపెట్టుకోండి. ఆ మనిషి కన్నుమూస్తే పెద్దకర్మ అయిన మర్నాడే వకీలుకు కబురు చేయండి. అక్కచెల్లెళ్ల పేర్లు మీరే ముందుగా చెప్పండి. దానివల్ల మీ వాటా తగ్గదు, అది ఎంతన్నది చట్టం ఎప్పుడో నిర్ణయించేసింది. మీరు చెప్పకపోతే పోయేది దావా, దాంతో పాటు ఇంటి పరువు.